ఫెడరల్ డబ్బుతో రోడ్డు, 212 పేజీల పర్యావరణ నివేదిక, 30 రోజుల గడువు: మనం రాస్తే వింటారా?

కేటీ_కాకినాడ
హ్యూస్టన్ దగ్గర కేటీలో మా సబ్‌డివిజన్ (ఇళ్ళ కాలనీ) వెనక రెండు లేన్ల రోడ్డుని ఆరు లేన్లు చేస్తారట. ఫెడరల్ నిధులు కలిశాయి కాబట్టి పర్యావరణ సమీక్ష చెయ్యాల్సిందేనట. పోయిన వారం పోస్టులో కాగితం వచ్చింది. ముసాయిదా నివేదిక చూసుకోండి, పలానా రోజు స్కూల్ కెఫెటేరియాలో మీటింగ్, 30 రోజుల్లోగా మీ అభిప్రాయం రాసి పంపండి అని. నివేదిక 212 పేజీలు. పిల్లలు పడుకున్నాక మూడు రాత్రులు కూర్చుని చదివాను. చివర్లో "చెప్పుకోదగ్గ ప్రభావం లేదు" అని ముందే తేల్చేశారు.

నాకు మింగుడు పడనిది ఒక్కటే. మా పెరటి కంచె అవతల కాలవ ఉంది. గట్టి వాన పడితే అందులో నీళ్ళు తియ్యడానికి రెండు రోజులు పడుతుంది. రోడ్డు కింద తూము సగానికి సగం మట్టితో పూడిపోయింది, వంగి చూస్తే అవతలి వెలుతురు కనపడదు. నివేదికలో దాని గురించి ఉన్నది ఒకే ఒక్క వాక్యం, ఇప్పుడున్న డ్రైనేజీ సరిపోతుందని. మా ఇల్లు బార్కర్ అనే వరద నీటి రిజర్వాయర్‌కి ఎగువన. 2021లో కొన్నాం, 2017 హార్వీ తుఫాను మేం చూడలేదు, కథలు విన్నాం అంతే.

అంతా అయిపోయాక అడుగుతున్నారు, ఎందుకు నిద్ర పాడు చేసుకుంటావు అంటుంది మా ఆవిడ. మీలో ఎవరైనా ఇలాంటి వాటికి రాశారా? రాస్తే ఏమైనా జరిగిందా?

మెమోరియల్_మోహన్
మీ ఆవిడ మాటే నిజం. చెవిటివాడి ముందు శంఖం ఊదినట్టే. నేను రెండుసార్లు రాశాను, "మీ అభిప్రాయానికి ధన్యవాదాలు" అని రెండుసార్లూ ఒకే జవాబు.

షుగర్‌లాండ్_సీత
మోహన్ గారూ, ఏం రాశారో చెప్పండి ముందు.

మెమోరియల్_మోహన్
ఈ ప్రాజెక్టు మాకొద్దు, ట్రాఫిక్ పెరుగుతుంది, చప్పుడు పెరుగుతుంది అని రాశాను. ఇంకేం రాస్తాం?

పీఈ_ప్రసాద్
ఇలాంటి నివేదికలు తయారుచేసే కన్సల్టెన్సీల్లో 14 ఏళ్ళుగా పని చేస్తున్నాను. లోపల ఏం జరుగుతుందో చెప్తాను, మోహన్ గారి జవాబు ఎందుకు అలా వచ్చిందో తెలుస్తుంది.

దీనంతటికీ మూలం నెపా, అంటే జాతీయ పర్యావరణ విధాన చట్టం. 1969లో కాంగ్రెస్ పాస్ చేసింది, 1970 జనవరి 1న అధ్యక్షుడు నిక్సన్ సంతకం పెట్టాడు. ఫెడరల్ డబ్బు గానీ పర్మిట్ గానీ ఉన్న పనికి మూడు దారులుంటాయి. చిన్నా చితకా పనులైతే మినహాయింపు, ఒక చెక్‌లిస్టుతో అయిపోతుంది. ప్రభావం ఉంటుందో లేదో తెలియకపోతే ఈఏ అనే చిన్న అంచనా నివేదిక, కేటీ_కాకినాడ గారికి వచ్చింది అదే. పెద్ద దెబ్బ ఉంటుందని తెలిస్తే ఈఐఎస్ అనే పూర్తి ప్రభావ నివేదిక, అదే పెద్ద పుస్తకం. ఈఏ చివర "చెప్పుకోదగ్గ ప్రభావం లేదు" అని రాసే కాగితాన్ని మేం ఫోన్సీ అంటాం. మీరు చూసింది ముసాయిదా ఫోన్సీ. సంతకం ఇంకా పడలేదు. మీకున్న అవకాశం అదే.

ఇక కామెంట్ల సంగతి. వచ్చిన ప్రతి ఉత్తరానికీ నంబరు వేసి పెద్ద పట్టికలో ఎక్కిస్తాం. ఒక్కో ఉత్తరాన్ని విడగొట్టి, ఇది చప్పుడు, ఇది నీళ్ళు, ఇది భూసేకరణ అని గుర్తులు పెడతాం. "మాకొద్దు" అనే ఉత్తరాలు మూడొందలు వస్తే మూడొందలూ ఒకే గంపలోకి పోతాయి, ఒకే జవాబు. కానీ "పలానా తేదీన పలానా తూము దగ్గర నీళ్ళు రోడ్డెక్కాయి, ఇదిగో ఫోటో, మీ నివేదిక పలానా పేజీలో దీనికి విరుద్ధంగా ఉంది" అని ఒక్కటి వస్తే అది నా దగ్గర ఆగదు. హైడ్రాలిక్స్ ఇంజినీరు దగ్గరికి పోతుంది. ఆయన మోడల్ తెరిచి చూడాలి, ఏదో ఒకటి రాతపూర్వకంగా చెప్పాలి. ఒక్క తూము ఫోటో వల్ల డిజైన్‌లో పైపు సైజు మారడం నేను కళ్ళారా చూశాను.

ఒకటి మాత్రం స్పష్టంగా చెప్పాలి. పర్యావరణానికి మేలైన దారే ఎంచుకోవాలని నెపా చెప్పదు. తెలుసుకుని, జనానికి చూపించి, ఆ తర్వాత నిర్ణయించమంటుంది. అంతవరకే. 1989లో సుప్రీం కోర్టు కూడా తెలియకుండా చెయ్యడాన్నే ఈ చట్టం ఆపుతుంది, తెలివితక్కువగా చెయ్యడాన్ని కాదు అన్నట్టుగా తీర్పు ఇచ్చింది.

కేటీ_కాకినాడ
ప్రసాద్ గారూ, దణ్ణం. ఈ మాత్రం ఎవరూ చెప్పలేదు.

ఐ10_ప్రయాణికుడు
అందరూ వాన నీళ్ళ గురించే మాట్లాడుతున్నారు. రోజూ పొద్దున గంటంపావు స్టీరింగ్ పట్టుకుని కూర్చునే వాడి గోడు కూడా వినండి. ఒక్కో ఈఐఎస్‌కి సగటున నాలుగున్నరేళ్ళు పడుతుందని వైట్‌హౌస్ పర్యావరణ మండలి లెక్కే చెప్పింది. నాలుగున్నరేళ్ళు కాగితాలకే పోతే రోడ్డు ఎప్పుడు వేస్తారు? మా అబ్బాయి కాలేజీకి వెళ్ళే లోపు అయినా అవుతుందా?

పీఈ_ప్రసాద్
ఆ నాలుగున్నరేళ్ళు ఈఐఎస్‌లకే. అవి మొత్తం సమీక్షల్లో నూటికి ఒకటి కూడా ఉండవు. 95 శాతం దాకా మినహాయింపులతోనే అయిపోతాయి. ఇప్పుడు గడువులు కూడా పెట్టారు. 2023 సవరణ ప్రకారం ఈఏ ఏడాదిలో, ఈఐఎస్ రెండేళ్ళలో ముగించాలి. ఈఏ 75 పేజీలు, ఈఐఎస్ 150 దాటకూడదు, బాగా చిక్కుముడిదైతే 300. అనుబంధాలు లెక్కలోకి రావు కాబట్టి బరువంతా అటు పోయింది. కేటీ గారి 212 పేజీల్లో సగానికి పైగా అనుబంధాలే అయ్యుంటాయి, చూసుకోండి.

కేటీ_కాకినాడ
నిజమే. అసలు నివేదిక 71 పేజీలే. తూము వాక్యం మాత్రం అనుబంధంలో దొరికింది.

షుగర్‌లాండ్_సీత
ఐ10 గారూ, మీ బాధని కొట్టిపారెయ్యట్లేదు. కానీ మీరు రోజూ వెళ్ళే ఆ కేటీ ఫ్రీవేనే తీసుకోండి. 2003 నుంచి 2008 వరకు తవ్వి, 2.8 బిలియన్ డాలర్లు పోసి, కొన్నిచోట్ల పక్క రోడ్లతో కలిపి 26 లేన్లు చేశారు. ఇవాళ మీరు గంటంపావు కూర్చుంటున్నారు. లేన్లు వేస్తే ఎన్నాళ్ళు సుఖం, ఆ తర్వాత ఏంటి అని ముందే అడగాల్సిన కాగితం ఇదే కదా.

ఐ10_ప్రయాణికుడు
అది వెయ్యకపోతే రెండు గంటలు కూర్చునేవాణ్ణి సీత గారూ. ఇక్కడికి జనం వస్తూనే ఉన్నారు, మనతో సహా.

బార్కర్_బాబాయ్
తమ్ముడూ కేటీ_కాకినాడా, నువ్వు విన్న కథల్లో ఒకటి నాది.

2011లో కొన్నాను. బార్కర్ వెనకే. మూలన పార్కు, పార్కు అవతల చెట్లు, లేళ్ళు వచ్చేవి. అది రిజర్వాయర్ అని తెలుసు గానీ ఎప్పుడు చూసినా ఎండిపోయి ఉండేది కాబట్టి ఎవరం పట్టించుకోలేదు. 2017 ఆగస్టు చివర్లో నాలుగు రోజులు వాన. మా వీధికి నీళ్ళు పరిగెత్తుకుంటూ రాలేదు. మెల్లగా, చప్పుడు లేకుండా, గడ్డిలోంచి పైకి లేచాయి. పొద్దున గరాజ్ గుమ్మం దగ్గర, మధ్యాహ్నానికి హాల్లో. పడవ మీద బయటికి వచ్చాం. తొమ్మిదో రోజు లోపలికి వెళ్తే ప్యాంట్రీలో సోనా మసూరి సంచి ఉబ్బి, పగిలి, మొలకెత్తినట్టు నేలంతా పరుచుకుంది. ఆ వాసన ఇప్పటికీ ముక్కులో ఉంది. పై అరలో ఆవకాయ జాడీ మాత్రం మూత కూడా కదలకుండా ఉంది. మా ఆవిడ దాన్ని ఒళ్ళో పెట్టుకుని ఏడ్చింది.

తర్వాత తెలిసింది ఏంటంటే, ఆడిక్స్, బార్కర్ కట్టలు 1940ల్లో ఆర్మీ కోర్ (అమెరికా సైన్యం ఇంజినీరింగ్ విభాగం) కట్టింది, 1929, 1935 వరదల తర్వాత డౌన్‌టౌన్‌ని కాపాడటానికి. కట్ట వెనక నీళ్ళు ఎంత ఎత్తుకి నిలవగలవో, అంత భూమీ కొనలేదు. బార్కర్‌లో 95 అడుగుల మట్టం వరకే ప్రభుత్వ భూమి. హార్వీలో నీళ్ళు 101.6కి వచ్చాయి. మధ్యలో ఉన్న ఆరున్నర అడుగుల్లో మా ఇళ్ళు. ఇక్కడ కొన్ని లేఅవుట్ ప్లాట్ కాగితాల్లో, కోర్ అదుపులో ఎక్కువ కాలం ముంపుకి గురికావచ్చు అని సన్నటి అక్షరాల్లో ఉంది. సంతకాలు పెట్టేటప్పుడు ఎవరూ ఆ పేజీ తియ్యలేదు, నేనూ తియ్యలేదు.

2019 డిసెంబరులో ఫెడరల్ కోర్టు ప్రభుత్వానిదే బాధ్యత అని తీర్పు ఇచ్చింది. మా భూమిని నీళ్ళు నిలపడానికి వాడుకున్నట్టే అని. తీర్పు వచ్చింది గానీ పరిహారం లెక్కలు మళ్ళీ ఏళ్ళ తరబడి.

1940ల్లో నెపా లేదు. ముసాయిదా చూపించి, నీళ్ళు ఇంతవరకు వస్తాయి, ఏమంటారు అని అడిగే చట్టం లేదు. ఎవరైనా ఒక రైతు, ఇంతే భూమి కొంటే మిగతా నీళ్ళు ఎక్కడికి పోతాయి అని రాసి ఉంటే, దానికి జవాబు చెప్పాల్సి వచ్చుంటే! నీరు పల్లమెరుగు. మనుషులమే ఎరగం. నిన్ను అడిగారు, నువ్వు రాయి. నిద్ర తర్వాత పోవచ్చు.

కేటీ_కాకినాడ
బాబాయ్, చదివి లేచి వెళ్ళి ఇంటి ప్లాట్ కాగితం తీశాను. ఆ వాక్యం ఉంది. నాలుగేళ్ళుగా అదే సొరుగులో ఉంది.

హెచ్4_హేమ
పిచ్చి ప్రశ్న అనుకోకండి. మేం వీసా మీద ఉన్నాం. గ్రీన్‌కార్డ్ లైన్లో ఉన్నవాళ్ళు ప్రభుత్వ ప్రాజెక్టు మీద రాస్తే ఇబ్బంది ఏమైనా ఉంటుందా?

పీఈ_ప్రసాద్
పిచ్చి ప్రశ్న కాదు హేమ గారూ, చాలామంది ఇందుకే ఆగిపోతారు. కామెంటు రాయడానికి పౌరసత్వం అక్కర్లేదు. అద్దెకున్నవాళ్ళూ రాయొచ్చు. ఒకటే గుర్తుంచుకోండి, మీ ఉత్తరం బహిరంగ రికార్డులో భాగం అవుతుంది, అందరూ చూడగలరు. కాబట్టి ఫోన్ నంబర్లు, పిల్లల పేర్లు ఉత్తరం లోపల రాయకండి.

హెచ్4_హేమ
థాంక్స్. మా అపార్ట్‌మెంట్ ముందు కూడా ఇలాంటి బోర్డు పెట్టారు. అది మా కోసం కాదేమో అనుకున్నాను.

వేలేరుపాడు_వాడు
బాబాయ్ గారి పోస్టు చదివి చాలాసేపు ఏమీ రాయలేకపోయా.

మాది పోలవరం ముంపు మండలం. అప్పుడు ఖమ్మం జిల్లా, 2014లో మండలాన్ని ఆంధ్రలో కలిపారు, అదే ఏడు విభజన చట్టంతో పోలవరం జాతీయ ప్రాజెక్టు అయింది. పర్యావరణ అనుమతి మాత్రం అంతకు ముందే, 2005 అక్టోబరులో వచ్చింది. దానికి ముందు ప్రజాభిప్రాయ సేకరణ జరిగింది. మా నాన్న వెళ్ళలేదు. అది చదువుకున్నవాళ్ళ మీటింగ్ అనుకున్నాడు. నేను అప్పుడు ఇంటర్, నాకూ వెళ్దాం అని తోచలేదు.

ఇప్పుడు ఏం బాధ అంటే, నాన్న దగ్గర చెప్పాల్సింది ఉంది. 1986లో గోదారి వచ్చినప్పుడు, భద్రాచలం దగ్గర 75.6 అడుగులు, మా ఊరి చింతచెట్టుకి ఏ కొమ్మ దాకా నీళ్ళు వచ్చాయో ఆయనకి తెలుసు. ఆ కొమ్మకి ఇనప మేకు కొట్టి పెట్టాడు. ఏ వాగు ముందు ఎగదన్నుతుందో, పశువుల్ని ఏ గట్టు మీదికి తోలాలో అంతా తెలుసు. ఏ నివేదికలోనూ ఆ మేకు లేదు. 2022 జూలైలో 71.3 అడుగులు వచ్చినప్పుడు ఇంటికి ఫోన్ చేస్తే నాన్న మొదట చెప్పింది అదే: "మేకుకి ఇంకా బెత్తెడు ఉందిరా."

మనవాళ్ళకి ఇక్కడా అక్కడా ఒకటే జబ్బు, మనకి తెలిసింది తెలివి కాదనుకుంటాం. అన్నా, నీ తూమే నీ మేకు. రాయి.

షుగర్‌లాండ్_సీత
వేలేరుపాడు గారూ, నాన్నగారిని కూర్చోబెట్టి ఇవన్నీ ఫోన్లో రికార్డ్ చెయ్యండి. ఊరు మారినా ఆ మాటలు పోకూడదు.

వేలేరుపాడు_వాడు
చేస్తున్నా అక్కా. చెట్టు ఫోటో కూడా తీయించా.

మెటైరీ_మూర్తి
నేను లూసియానా నుంచి. రెండో వైపు కూడా చెప్పాలి. న్యూ ఓర్లీన్స్‌కి పాంచర్ట్రెయిన్ సరస్సు మూతి దగ్గర తుఫాను అడ్డుగోడలు, గేట్లు కట్టాలని కోర్ ప్లాన్ వేసింది. ఈఐఎస్ సరిగ్గా లేదని కోర్టుకెళ్తే 1977 డిసెంబరులో జడ్జి పని ఆపేశాడు. తర్వాత కోర్ ఆ గేట్లు వదిలేసి కరకట్టలు ఎత్తు పెంచే దారి పట్టింది. 2005లో కత్రినా. ఆ గేట్లు ఉండి ఉంటే అని ఇక్కడ ఇంకా అనేవాళ్ళున్నారు. కాగితం సరిగ్గా లేదని ఆపితే ప్రాణాలు పోవచ్చు, అది కూడా తూకంలో వెయ్యండి.

గాల్వెస్టన్_గౌతమ్
మూర్తి గారూ, ఆ వాదన నేనూ విన్నాను, కానీ సగమే. కత్రినాలో 17వ వీధి కాలవ గోడ మీదనుంచి నీళ్ళు పొర్లకముందే విరిగింది. అది డిజైన్ తప్పు. ఇంకో సంగతి, నెపా రాకముందు 1960ల్లో కోర్ తవ్విన ఓడల కాలవ ఉంది, మిస్సిసిపి నుంచి గల్ఫ్‌కి దగ్గర దారి అని, 76 మైళ్ళు. దాని వల్ల ఉప్పునీరు ఎక్కి సైప్రస్ చెట్లు, చిత్తడి నేలలు చచ్చిపోయాయి. తుఫానుని మెత్తబరిచేది ఆ నేలలే. చివరికి 2009లో రాళ్ళు వేసి మూసేశారు. జడ్జి కూడా 1977లో గోడ కట్టొద్దు అనలేదు, లెక్క సరిగ్గా చేసి రమ్మన్నాడు. లెక్క చేసుకు రాకుండా వదిలేసింది కోర్ వాళ్ళే.

మెటైరీ_మూర్తి
అది ఒప్పుకుంటాను. కానీ లెక్క చేసేలోపు తుఫాను ఆగదు. మీ ఊళ్ళోనే చూడండి, ఐక్ తుఫాను 2008లో వచ్చింది, గాల్వెస్టన్ దగ్గర తుఫాను నీటిని ఆపే గేట్ల తుది ఈఐఎస్ 2021లో. కాంగ్రెస్ ఆమోదం 2022 చివర్లో. గేటు ఎక్కడుంది?

గాల్వెస్టన్_గౌతమ్
గేటు లేదు, నిజం. అప్పటి అంచనాయే 34 బిలియన్లు. కాగితం అయిపోయింది, ఇప్పుడు ఆగుతున్నది డబ్బు దగ్గర. అది పర్యావరణ సమీక్ష మీద వెయ్యడం న్యాయం కాదు.

ఐ10_ప్రయాణికుడు
ఈ మాటకి మాత్రం నేను గౌతమ్ గారి వైపే.

మిడ్‌టౌన్_మాధవి
ఐ-45 హైవే గురించి ఎవరూ ఎత్తలేదే? డౌన్‌టౌన్ చుట్టూ విస్తరణ. తుది ఈఐఎస్ 2020లో వచ్చింది. 1,079 ఇళ్ళు, 344 వ్యాపారాలు పోతాయని అందులోనే రాసుకున్నారు. ఎక్కువ భాగం నల్లజాతివాళ్ళు, లాటినోలు ఉండే పేటలు. ఇంకో విషయం చాలామందికి తెలియదు: టెక్సాస్‌లో హైవేలకి ఫెడరల్ తరఫున సమీక్ష చేసే అధికారం 2014 నుంచి రాష్ట్ర రవాణా శాఖదే. రోడ్డు వేసేదీ వాళ్ళే, రిపోర్టు చూసి సంతకం పెట్టేదీ వాళ్ళే. 2021లో పౌరహక్కుల ఫిర్యాదులు వెళ్తే ఫెడరల్ హైవే వాళ్ళు పని ఆపమన్నారు, 2023 మార్చిలో ఒప్పందం కుదిరింది. వాన నీరు, ఖాళీ చెయ్యాల్సిన వాళ్ళ ఇళ్ళు, వీటి మీద కొత్త షరతులు వచ్చాయి. ప్రాజెక్టు ఆగలేదు. కానీ ఆ షరతులు ఎవరూ దానంగా ఇవ్వలేదు, మీటింగుల్లో మైకు పట్టుకున్న ముసలమ్మలు తెచ్చారు.

మెమోరియల్_మోహన్
సరే, నా మొదటి మాట వెనక్కి తీసుకోను గానీ కొంచెం సర్దుకుంటాను. 2020లో కోర్ బఫెలో బాయూ (హ్యూస్టన్ మధ్య నుంచి పారే వాగు) మీద మధ్యంతర నివేదిక ఇచ్చినప్పుడు మా కాలనీ మొత్తం రాసింది. బాయూని తవ్వి వెడల్పు చేస్తాం, లేదా కేటీ ప్రెయిరీ గడ్డి మైదానంలో మూడో రిజర్వాయర్ కడతాం అన్నారు. రెండిటికీ జనం ఒప్పుకోలేదు. భూమి కింద సొరంగాల సంగతి గట్టిగా చూడండి అన్నారు. ఆ తర్వాత సొరంగం మాట నిజంగానే ముందుకొచ్చింది. అది మా ఉత్తరాల వల్లే అని చెప్పలేను, కానీ బాయూ ఒడ్డున మా చెట్లు ఇంకా ఉన్నాయి.

పీఈ_ప్రసాద్
కేటీ గారూ, త్వరపడండి అని చెప్పడానికి ఇంకో కారణం. 2025 నుంచి నేల కదిలింది. అన్ని శాఖలకీ ఉమ్మడిగా ఉన్న నెపా నియమావళిని వైట్‌హౌస్ మండలి రద్దు చేసింది, ఇప్పుడు ఏ శాఖ పద్ధతి దానిది. కొన్ని శాఖలు ముసాయిదాని జనానికి చూపించడం తప్పనిసరి కాకుండా చేశాయి. అదే ఏడు మే నెలలో యూటా రైలు మార్గం కేసులో సుప్రీం కోర్టు, శాఖ చేసిన సమీక్షకి కోర్టులు బాగా విలువ ఇవ్వాలంది. అంటే తర్వాత కోర్టులో చూసుకుందాం అనే దారి సన్నబడింది. పైగా కామెంటు గడువులో లేవనెత్తని విషయాన్ని కోర్టు మామూలుగా వినదు.

ఉత్తరంలో ఒక ప్రశ్న తప్పకుండా పెట్టండి: డ్రైనేజీ లెక్కలో ఏ వాన అంకెలు వాడారు? 2018లో ఫెడరల్ వాతావరణ సంస్థ నోవా కొత్త అంకెలు ఇచ్చింది. హ్యూస్టన్ వైపు నూరేళ్ళ వాన (ఏ ఏడైనా నూటికి ఒక వంతు అవకాశం ఉన్న వాన) అంటే ఒక్క రోజులో 13 అంగుళాలు అనుకున్నది కొన్నిచోట్ల 18 దాకా పెరిగింది. పాత అంకె వాడి ఉంటే తూము సరిపోతుందన్న మాట నిలవదు.

కేటీ_కాకినాడ
అనుబంధం మళ్ళీ తిరగేశాను. వాన పట్టిక ఉంది, కానీ ఏ ఏటి అంకెలో రాయలేదు. ఇదీ నేను రాసింది, తప్పులుంటే చెప్పండి:

"నేను ఈ రోడ్డుకి వ్యతిరేకం కాదు. అనుబంధంలో ఇప్పుడున్న డ్రైనేజీ సరిపోతుందని రాశారు. మా ఇంటి వెనక తూము సగం పూడిపోయి ఉంది, ఫోటోలు జతచేశాను. వాన తర్వాత కాలవ ఖాళీ కావడానికి రెండు రోజులు పడుతోంది. మీ లెక్కలో తూము పూర్తిగా తెరుచుకుని ఉందనుకున్నారా, పూడిక ఉందనుకున్నారా? ఏ సంవత్సరపు వాన అంకెలు వాడారు? ఆరు లేన్ల తారు మీద పడే అదనపు నీళ్ళు ఎక్కడ నిలుపుతారు? ఈ ఇళ్ళు బార్కర్ ముంపు పరిధిలో ఉన్నాయని ప్లాట్ కాగితంలోనే ఉంది, నివేదికలో ఆ మాట ఎందుకు లేదు?"

బార్కర్_బాబాయ్
చివరి ప్రశ్నని మొదట పెట్టు తమ్ముడూ.

పీఈ_ప్రసాద్
బాగుంది. "రెండు రోజులు" అని వదిలెయ్యకండి. ఏ తేదీ, ఎన్ని గంటలకి ఎంత లోతు. తూములో టేపు పెట్టి మట్టి ఎంత ఉందో, పైన ఖాళీ ఎంత ఉందో అంగుళాల్లో రాయండి. ఫోటోలో టేపు కనపడాలి.

ఐ10_ప్రయాణికుడు
మాదీ ఆ పక్క సబ్‌డివిజనే. రోడ్డు కావాలి, తూము కూడా కావాలి. నా సంతకం కూడా వేస్తాను.

పీఈ_ప్రసాద్
సంతకం కలపొద్దు, విడిగా మీ మాటల్లో రాయండి. రెండు నంబర్లు పడతాయి.

కేటీ_కాకినాడ
గడువు ఇంకా పదకొండు రోజులుంది. గురువారం గట్టి వాన చూపిస్తోంది. పొద్దున ఆరింటికి, మధ్యాహ్నం, రాత్రి, మళ్ళీ శుక్రవారం, కాలవ దగ్గర కొలుస్తాను. కంచె గుంజకి ఇవాళే అంగుళాలు గీశాను, మార్కర్ వానకి పోతుందని మా ఆవిడ మేకులు కొట్టమంది. టార్చి పట్టుకోవడానికి ఐ10 గారూ, ఆరింటికి రాగలరా?

ఐ10_ప్రయాణికుడు
ఐదున్నరకే వస్తా. ఆరు దాటితే ఫ్రీవే ఎక్కలేను.